పళ్ళ సెట్టుతో జాజ్

మా బాపుది జనగామలో బ్యాండు మేళం. పెళ్ళి ఊరేగింపులకు పన్నెండు మందిమి పోతాం. అందులో ట్రాంబోన్ నాది. ముందుకూ వెనక్కూ జరిగే పొడవాటి గొట్టం ఉన్న బాకా అది. మొదట్లో బాపే వాయించేవాడు. ముందు పళ్ళు ఊడాక ఊదలేక, దాన్ని నా చేతిలో పెట్టి, తను మేళం ముందు నడవడం మొదలుపెట్టాడు. ఆడపిల్ల బాకా ఊదడమేంటని నవ్వినవాళ్ళే తర్వాత ఫోన్లలో వీడియోలు తీసుకున్నారు.

అలాంటి వీడియో ఒకటి డెన్మార్క్‌లోని ఓ జాజ్ ట్రాంబోన్ కళాకారుడి కంట పడింది. "నువ్వు గొట్టం పట్టుకునే తీరు పూర్తిగా తప్పు. ఎవరు చెప్పినా మార్చుకోకు," అని రాశాడు. ఏడాదంతా ఫోన్లో ఇంగ్లీషులో మాటలు నడిచాయి. పోయిన మాఘంలో హైదరాబాదుకు కచేరీకి వచ్చి, మర్నాడే రైలెక్కి జనగామలో దిగాడు. అరవై దాటిన మనిషి, ఆరడుగుల పైమాటే.

బాపు అతన్ని కింది నుంచి పైకి చూసి, "గింత పొడుగు మనిషికి మన మేళం కోటు ఎట్ల సరిపోతది బిడ్డా?" అన్నాడు.

సరిపోలేదు. కోటు చేతులు మోచేతుల దగ్గరే ఆగాయి. ఆ ఎర్రకోటుతోనే వ్యానెక్కి మాతో మరిపెడ పెళ్ళికి బయలుదేరాడు. దారిలో తన కథ చెబుతుంటే నేను తెలుగులో అందరికీ చెప్పాను.

వాళ్ళ నాన్న చేపలు పట్టేవాడు. చర్చి బ్యాండులో ట్రాంబోన్ వాయించే ముసలాయన పోతే, చేతులు పొడుగ్గా ఉన్నాయని పదకొండేళ్ళ ఇతనికిచ్చారట. పద్దెనిమిదేళ్ళకు రాజధానికి పోయి హోటల్లో గిన్నెలు కడుగుతూ క్లబ్బుల్లో వాయించాడు. కొన్నాళ్ళు ఓడల మీద, తర్వాత పెద్ద ఆర్కెస్ట్రాలో. సరిగ్గా పేరొచ్చే వేళకు మంచు మీద సైకిల్ జారి ముందు పళ్ళు నాలుగు విరిగాయి.

"మరెట్ల వాయిస్తున్నవ్?" బాపు సీట్లోంచి సగం లేచాడు.

అతను చటుక్కున పళ్ళ సెట్టు ఊడదీసి అరచేతిలో పెట్టి చూపించాడు. వ్యానంతా ఒకటే కేక. డ్రమ్ము వాయించే అన్న నవ్వలేక సీటు మీంచి జారిపోయాడు. బోసినోటితో అతనేదో చెప్పాడు గానీ, అది ఏ భాషో నాకంతుబట్టలేదు. మళ్ళీ సెట్టు పెట్టుకుని మొదలుపెట్టాడు: "ఏడాది దాకా ఒక్క స్వరం పలకలేదు. రోజూ ఊదేవాణ్ణి, ఉత్త గాలి వచ్చేది. మా ఆవిడ పొయ్యి మీద నీళ్ళు మరుగుతున్నాయనుకుని వంటింట్లోకి పరుగెత్తేది."

బాపు మాత్రం నవ్వలేదు. నాలుకతో చిగుళ్ళు తడుముకుంటూ కూర్చున్నాడు.

మరిపెడలో ఎండ చుర్రుమంటుండగా ఊరేగింపు కదిలింది. ఓ పాత సినిమా పాట ఎత్తుకున్నాం. సగంలో అతని బాకా పాటను వదిలేసి ఎటో వెళ్ళిపోయింది.  నేనూ ఊదుతూ ఆ స్వరాల వెంటే పడ్డాను. పెళ్ళికొడుకు కారు దిగి ఎగరసాగాడు.

ఓ అవ్వ నా కోటు పట్టి లాగింది. "ఆయిన పాట మర్సిపోయిండా ఏంది?"

"లేదవ్వా, కావాల్ననే పక్కకు పోయిండు."

"మరి మల్లొస్తడా?"

"వస్తడు!"

వచ్చాడు. అవ్వ కొంగు నడుముకు చుట్టి మా నడుమ గిరగిరా తిరిగింది.

ఒక్కరోజుకని వచ్చినవాడు పది రోజులున్నాడు. బాపును తనే పళ్ళ డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళి, ట్రాంబోన్ ఊది చూపిస్తూ సెట్టు ఎలా ఉండాలో చెప్పాడు. సెట్టు వచ్చిన రోజు బాపు ఊదితే గాలే వచ్చింది. మర్నాడు ఓ శబ్దం వచ్చింది.

"బర్రె అరిసినట్టుంది బాపూ!" అన్నాన్నేను.

"అరవనీయ్. నిన్న గది గూడ లేదు," అని మళ్ళీ ఊదాడు.

భూపాలపల్లి పెళ్ళినాటికి బాపుకు నాలుగు స్వరాలు పలుకుతున్నాయి. అతను తన ట్రాంబోన్ బాపు చేతికిచ్చి, తాను చేత్తో గలగలలాడించే గిలకలు పట్టుకున్నాడు. ఆ నాలుగు స్వరాలనే బాపు తిప్పి తిప్పి వాయిస్తుంటే నాకు నవ్వూ ఏడుపూ కలిసొచ్చి, ఊదాల్సిన చోట ఊదలేకపోయాను. బాపు కళ్ళెర్రజేశాడు. బువ్వ తినేటప్పుడు పెదాలు వాచి ముద్ద నోట పెట్టలేకపోయినా మాట మాత్రం ఆపలేదు.

అతను తన ట్రాంబోన్ తీసుకుని వెళ్ళిపోయాడు. మర్నాడు సాధనకని బాపు నా దగ్గరున్న పాతది అడిగి తీసుకున్నాడు. నేను ఇంకో ట్రాంబోన్ వెతుక్కోవాల్సి వచ్చింది, బాపు పాతది తిరిగివ్వలేదు మరి.