కలిపి వినొద్దని నేను వేసిన కౌంటర్

నల్లకోటుకు ఇంకా కొత్త వాసన పోని ఆ రోజుల్లో నాకు చట్టం కొద్దిగా వచ్చు, కుళ్ళుకోవడం బాగా వచ్చు. ఖమ్మంలో మా సీనియర్ దగ్గర చేరి రెండేళ్ళయినా, వాయిదా అడగడానికి తప్ప కోర్టులో నా గొంతు లేచింది లేదు. (అదీ దగ్గు వచ్చినట్టు అడిగేవాణ్ణి.) నా తర్వాత ఆరు నెలలకు పక్క ఆఫీసులో చేరిన సత్తుపల్లి అమ్మాయి మాత్రం అప్పటికే జడ్జిగారి ముందు గడగడా వాదించేది. "ఆ అమ్మాయి డ్రాఫ్టు చూసి నేర్చుకోవయ్యా" అని మా సీనియర్ అన్న రోజు నాకు అన్నం సయించలేదు. దాచడమెందుకు, ఒళ్ళు మండిపోయింది.

అలాంటప్పుడు నాకు మొదటిసారి ఒక కేసు పూర్తిగా అప్పజెప్పారు. భద్రాచలం అవతల అడవి పల్లె నుంచి వచ్చిన ఒకాయన, భార్యను కాపురానికి పంపించమని వేసిన కేసు. ఆమె ముదిగొండలో పుట్టింట్లో ఉండి మనోవర్తి కేసు వేసింది. గొడవేమిటంటే, ఆమె పొద్దున లేస్తే అక్క మొగుణ్ణి మెచ్చుకునేదట. "మా బావ గట్ల చేస్తడు, మా బావ గిట్ల చేస్తడు అంటుంటె నాకు మండదా సార్?" అన్నాడు. ఇంత చిన్న విషయానికి అసూయ ఏమిటయ్యా, మనసు పెద్దది చేసుకోవాలి అని అరగంట నీతులు చెప్పాను. (చెప్పిందెవరో గమనించండి.)

రెండు కేసులూ ఒకే ఫ్యామిలీ కోర్టులో ఉన్నా, ఆయనది సోమవారం, ఆమెది గురువారం వచ్చేవి. ఇంతలో రెండూ కలిపి ఒకే రోజు వినాలని ఆమె తరఫు వకీలు పిటిషన్ వేసింది. ఆ వకీలు ఎవరో చెప్పాలా, సత్తుపల్లి అమ్మాయే. ఎంత వెతికినా అందులో ఒక్క తప్పు దొరకలేదు. రెండు రోజులు కూర్చుని, కలిపి వినకూడదంటూ ఏడు కారణాలతో కౌంటర్ రాశాను. మా క్లయింటుతో "వాళ్ళేదో ఎత్తు వేశారు, ఇక్కడ సంతకం పెట్టు" అంటే, పాపం, పెట్టాడు. వరండాలో ఆ అమ్మాయి ఎదురై "అదేంటండీ, కలిపి వింటే మీ క్లయింటుకే మంచిది కదా" అంది. ఆ సంగతి నాకంటే ముందు ఆమెకు తట్టిందన్న కడుపుమంటతో, "అది కోర్టు తేలుస్తుందండీ" అని కోటు సర్దుకున్నాను.

వాదనలో మూడో కారణం దాకా వచ్చేసరికి జడ్జిగారు చెయ్యెత్తి నన్ను ఆపి, వెనక నిలబడ్డ మా క్లయింటునే అడిగారు, "నీకేమిటయ్యా అభ్యంతరం?" అని. ఆయన నా వైపు ఒకసారి చూసి చేతులు కట్టుకున్నాడు. "నాకేం లేదు మేడమ్. సోమారం నేనొస్త, ఆమె రాదు. బేస్తారం ఆమె వస్తదంట, నేను కూలికి పోతా. ఆమె మొఖం జూసి ఆర్నెల్లాయె. ఒక్కనాడే పెడితె జూస్త గదా."

కోర్టంతా నవ్వింది. ఆ అమ్మాయి మాత్రం నవ్వలేదు, తల వంచుకుని కాగితాలు సర్దుకుంది. నవ్వినా బాగుండేది. భార్య కోసం తెల్లారకముందే బస్సెక్కి వచ్చే మనిషికి ఆమె మొహం కూడా కనపడకుండా చేయాలని నేను రెండు రోజులు కష్టపడ్డాను మరి.

కేసులు కలిపేశారు. మూడో వాయిదాకల్లా ఆ మొగుడూ పెళ్ళాలు ఒకే బెంచీ మీద కూర్చుని ఒకే టిఫిను డబ్బాలో తింటున్నారు. రెండు కేసులూ వెనక్కి తీసుకున్న రోజు ఆయన అడవి తేనె సీసా ఒకటి తెచ్చి, తిన్నగా వెళ్ళి సత్తుపల్లి అమ్మాయి చేతిలో పెట్టాడు. నాతో "మీకు మల్లొచ్చినప్పుడు తెస్త సార్" అన్నాడు. "మల్లెందుకొస్తం?" అని భార్య గద్దించింది. ఆ సీసాను చూసి నేను ఎంత ఉడుక్కున్నానో మా ఇంట్లోవాళ్ళకు కూడా చెప్పలేదు.

ఆ సత్తుపల్లి అమ్మాయి తర్వాత జడ్జి అయింది. కేసులు కలపమని అప్పుడు ఆమె వేసిన పిటిషన్ నకలు మాత్రం నా దగ్గరే ఉంది. ఇన్నేళ్ళుగా ఇలాంటి పిటిషన్ వేయాల్సి వచ్చినప్పుడల్లా పేర్లు మార్చి అదే వేస్తున్నాను. మొన్న అలాగే వేసి వెళ్తే, పీఠం మీద ఆవిడే ఉంది. కళ్ళజోడు సర్దుకుని, తను రాసిన వాక్యాలే తాపీగా చివరిదాకా చదివింది.

"డ్రాఫ్టు బాగుందండీ" అంది. "ఈసారి మీ క్లయింటును అడిగారా?"

"మొదట అదే అడిగాను మేడమ్" అన్నాను, నెరిసిన తల వంచుకుని.