భూమి చుట్టూ, ఆళ్లగడ్డ దాకా

మా ఆయన భూమి చుట్టూ కాలినడకన తిరిగాడు. పాస్‌పోర్టు లేదు, విమానం ఎక్కింది లేదు, నంద్యాల వదిలి నాలుగు రాత్రులు బయట పడుకున్న మనిషి కూడా కాదు. అయినా తిరుగుతున్నాననేవాడు. లా చదివి కూడా నల్లకోటు వేసుకోనిదాన్ని నేను. కోర్టులో ఖర్చు కావలసిన వాదనంతా ఈ మనిషి మీదే ఖర్చయింది.

ఆయన బడిలో సోషల్ చెప్పేవాడు. బండి కొనలేదు, సైకిలు కూడా కొనలేదు. బడికి నడక, చర్చికి నడక, కూరగాయలకు నడక. బతుకంతా నడిచింది కలిపితే భూమి చుట్టుకొలతకు దగ్గరగా వస్తుందని ఆయన లెక్క.

"అట్లయితే వంటింటికీ పెరట్లోకీ తిరిగింది కలుపు. నేను చంద్రుని మీదికి పోయొచ్చినట్టే," అన్నాను.

"నువ్వు మధ్యలో కూచుంటావ్ కదమ్మే," అన్నాడు.

ఆ లెక్కకు ఆయన పెట్టుకున్న నియమాలు రెండే. ఎవరి బండి ఎక్కినా, ఎవరు ఎత్తుకున్నా ఆ దారి చెల్లదు. చివర్లో, బయల్దేరిన చోటికే తిరిగి రావాలి. "చుట్టు అంటే అదే కదా. నేను పుట్టింది ఆళ్లగడ్డలో. ఆఖరి ముక్క నంద్యాల నుంచి ఆళ్లగడ్డకు నడిస్తే అయిపోతాది," అనేవాడు. ఆ ముక్కను రిటైరయ్యాక తినే మిఠాయిలా దాచుకున్నాడు.

రిటైర్మెంటు కంటే ముందు నరాల జబ్బు వచ్చింది. కాళ్ళతో మొదలవుతుందని, తర్వాత చేతులు, ఆ తర్వాత ఊపిరి అని కర్నూలు డాక్టరు చెప్పాడు. నేను ఆ డాక్టరుతోనూ వాదించాను. రిపోర్టు తప్పన్నాను, మిషను తప్పన్నాను. మా ఆయన మాత్రం బయటికొచ్చి, ఆసుపత్రి మెట్ల మీద కూచుని చెప్పులు సరిచేసుకుంటూ, "అయితే ఆళ్లగడ్డకు ఇప్పుడే పోవల్ల," అన్నాడు.

చలికాలంలో, తెల్లవారుతుండగా ఇంటికి తాళం వేసి బయల్దేరాము. రాత్రికి శిరివెళ్లలో ఎరిగినవాళ్ళ ఇంట్లో ఆగి, మర్నాడు ఆళ్లగడ్డ చేరాలని అనుకున్నాము. ఆయన చేతిలో కర్ర, నా భుజాన సంచిలో నీళ్ళు, రొట్టెలు, మాత్రలు.

మా ప్రాంతంలో రోడ్డు మీద నడిచే మనిషిని ఎవరూ వదలరు. నడుస్తున్నాడంటే బండి చెడిపోయి ఉండాలి, లేకపోతే ఇంట్లో కొట్లాట అయి ఉండాలి. మహానందికి నడిచే భక్తులైతే వేరు, వాళ్ళకు మజ్జిగ పోసి పంపిస్తారు. మేము చర్చికి పోయేవాళ్ళం, మొక్కు అని చెప్పుకోవడానికి కూడా లేదు. ట్రాక్టరు ఆగింది, మోటారుసైకిలు ఆగింది, పాలవ్యాను ఆగింది. ప్రతి ఒక్కరికీ వద్దని చెప్పడం నా పని. వద్దంటే ముఖం ముడుచుకునేవాళ్ళు. మా బండి ఎందుకు ఎక్కరు, మాకేం తక్కువ అన్నట్టు.

చేలో పత్తి తీస్తున్న అవ్వ గట్టు దాకా వచ్చి మరీ అడిగింది: "ఏం మ్మే, మొగునితో కొట్లాడి పుట్టింటికి పోతాండావా?"

"మొగుణ్ణి ఎంటబెట్టుకోని ఎవరన్నా పోతారా అవ్వా?"

"ఆయప్పే వదలకుండా ఎంటపడినాడేమో!"

మా ఆయన కర్ర మీద వాలి, కళ్ళలో నీళ్ళు తిరిగేదాకా నవ్వాడు. ఆ నవ్వు మీదనే శిరివెళ్ల చేరాము.

రెండోరోజు ఎడమకాలు లేవలేదు, ఈడ్చుకుంటూ వచ్చింది. ఒక చెయ్యి కర్ర మీద, ఒక చెయ్యి నా భుజం మీద. కాసేపు నడక, కాసేపు కూచోడం. ఆయన దగ్గర చదువుకున్న పిల్లవాడే, ఇప్పుడు ఆటో తోలుకుంటున్నాడు, పక్కన ఆపాడు. "సార్, ఏందీ కష్టం? ఎక్కండి సార్. దుడ్లు వద్దు."

"నడిస్తేనే లెక్క నాయనా. నువ్వు పో," అన్నాడు ఆయన. వాడు పోయాడు గానీ, కొంత దూరం పోయి ఆపి, ఎవరికో ఫోను చేయడం చూశాను. నేను పట్టించుకోలేదు.

ఎండ వాలేసరికి ఆళ్లగడ్డ శిల్పుల షెడ్లలో ఉలి చప్పుడు మొదట ఆయనకే వినిపించింది. "వింటాండావా? వచ్చేసినాం," అన్నాడు. కల్వర్టు గట్టు మీద కూచుని కాలు ఒత్తుకున్నాడు. లేవబోతుండగా ఎదురుగా ట్రాక్టరు వచ్చింది. తోలుతున్నది మా బావ, ఆయన అన్న. ఆటో అబ్బాయి చేసిన ఫోను ఈయనకే. మీ తమ్ముడు రోడ్డు మీద పడిపోయేటట్టు ఉన్నాడు అని చెప్పాడట.

బావ దిగుతూనే నా మీద పడ్డాడు. "నీకు బుద్ధుందా మ్మా? జబ్బు మనిషిని ఇట్ల నడిపిస్తాండావా? ఊర్లో మేం సచ్చినామా?"

"ఆయనే నడుస్తాండాడు బావా, నేను నడిపిస్తలేను. ఆ కనపడేదే ఊరు. ఇంక కొంచెమే. నువ్వు కూడా పక్కన నడువు."

"నీ వాదన ఇంట్లో పెట్టుకో!"

అంటూనే వంగి, తమ్ముణ్ణి రెండు చేతులతో చంటిబిడ్డను ఎత్తినట్టు ఎత్తి ట్రాలీలో గడ్డి మీద పడుకోబెట్టాడు. నేను ట్రాలీ పట్టుకుని, "దించు బావా, దించు," అని అరిచాను. బావ ఏడుస్తున్నాడు. మా ఆయన గడ్డి మీద పడుకుని అన్ననే చూస్తున్నాడు. కర్ర కల్వర్టు దగ్గరే ఉండిపోయింది.

ఆ రాత్రి అడిగాను, నోట్లో నాలుక లేదా, దించమని ఒక్క మాట అంటే సరిపోయేది కదా అని.

"వానలొస్తే వాగు కాడ నన్ను భుజాన ఏసుకోని బడికి దాటించేటోడు. నన్ను చదివించనీకె వాడు బడి మానేసినాడు. వాడు ఎత్తుకుంటే దించమని యాడ అనేది?" అన్నాడు.

మళ్ళీ ఆ కల్వర్టు దగ్గర నుంచి మొదలుపెడదామని నేనన్నాను. సరే అన్నాడు. ఎండలు రాకముందే రెండో కాలు కూడా పోయింది. చక్రాల కుర్చీలో తోసుకుపోతానన్నాను. "చక్రాలు చెల్లవు మ్మే," అన్నాడు. ఇక నేను ఆ మాట ఎత్తలేదు.

ఆయన పోయింది నంద్యాలలోనే. పాతిపెట్టవలసింది ఆళ్లగడ్డలో, వాళ్ళ నాయన పక్కన. పెట్టె పెట్టిన వ్యాను ఆ కల్వర్టు దగ్గరికి రాగానే ఆపమన్నాను. ఇక్కడి నుంచి మోసుకుపోవాలన్నాను. ఎండలో అంత దూరం ఎందుకమ్మా అన్నారు పెద్దలు. నేను రోడ్డు మీద నిలబడిపోయాను. ఎందుకు మోయాలో బావకు మాత్రం చెప్పాను, భూమి చుట్టు సంగతి అంతా. అప్పటిదాకా ఆయనకు తెలియదు.

బావ చెప్పులు విడిచి, పెట్టె ముందు కొనకు భుజం పెట్టాడు. ఆ వయసులో కూడా, భుజం మార్చుకోమన్నా మార్చుకోలేదు. దారి పొడుగునా బండ్లు ఆగాయి. దిగి నిలబడ్డారే గానీ, ఎక్కమని ఆ రోజు ఎవరూ అడగలేదు.

మట్టి వేశాక, భుజం కమిలిపోయిన బావ నా దగ్గరికి వచ్చి నిలబడ్డాడు. చిన్నపిల్లవాడు టీచరును అడిగినట్టు అడిగాడు:

"అయిపాయ కదమ్మా? వాని చుట్టు అయిపాయ కదా?"

ఒకరు ఎత్తుకుపోయిన దారి చెల్లదు. ఆ నియమం నాకు తెలిసినంతగా ఎవరికీ తెలియదు. జీవితంలో ఒకరి మాటకు ఎదురు చెప్పకుండా ఊరుకున్నదాన్ని కాదు.

"అయిపాయ బావా," అన్నాను.