ఎదురునీటికి నిలబడ్డ గంగాధర

గంగాధర జహ్రాలో ఒక కువైటీ ఇంట్లో డ్రైవరు. పద్దెనిమిదేళ్ళుగా అదే ఇల్లు, గేటు పక్కన అదే గది. సొంతూరు రాజంపేట దగ్గర, చెయ్యేటి ఒడ్డున. ఏడాదిలో చాలా నెలలు ఆ ఏట్లో ఇసుకే తప్ప నీళ్ళుండవట. అలాంటి చోట పుట్టినవాడికి చేపల పిచ్చి ఎలా పట్టిందో దేవుడికే తెలియాలి.

నేను యెహోషువని. మాది అంతర్వేది, సముద్రం పక్కనే పుట్టాను. షర్క్ చేపల మార్కెట్లో చేపలు కోసి శుభ్రం చేస్తాను. వాళ్ళ మామా, అంటే ఇంటి యజమానురాలు, వారానికోసారి అతన్ని చేపలకి పంపేది. మిగతా డ్రైవర్లు సంచి అందుకుని పోతారు. ఇతను మాత్రం నా బల్ల దగ్గర నిలబడి, "ఇది నీళ్ళలో ఎట్ల తిరుగుతాదిరా? ఏం తింటాది? యా పక్కకి మొగం పెడతాది?" అని మొదలుపెట్టేవాడు. నేను పేగులు తీస్తూంటే ఆ చేప బతుకు గురించి అడిగేవాడు. మొదట్లో చిరాకేసేది. పోనుపోనూ అతను రాని వారం నాకే తోచేది కాదు.

డ్రైవరు ఉద్యోగమంటే సగం కాచుకుని ఉండటమే. బడి బయట, ఆసుపత్రి బయట, పెళ్ళి హాలు బయట. ఆ గంటల్లో అతను ఫోనులో ట్రౌట్ చేపల్ని పట్టే వీడియోలు చూసేవాడు. చలిదేశాల కొండవాగుల్లో ఉండే చేప అది, ఒంటినిండా చుక్కలు.

"ఇది మన మాదిరే రా," అన్నాడొకసారి. "పారే నీళ్ళకి ఎదురు మొగం పెట్టుకోని ఒక్కచోటనే నిలబడుకోని ఉంటాది. తిండి కొట్టుకోని వొచ్చిందాకా కదలదు. దాన్ని పట్టాలంటే ఎనకనుంచి పోవాల. అది మనల్ని జూసిందనుకో, రాయి మాదిరి నిలబడిపోవాల. కాసేపటికి మర్చిపోతాది."

"కువైట్లో వాగులెక్కడున్నాయి అన్నయ్యా. ఏసీ నీళ్ళు కారే గొట్టం కింద గేలమేసుకో," అన్నాను.

అతని మొహం చిన్నబోయింది. ఊరుకోలేక నేనే చెప్పాను. జహ్రా దాటాక బురద తీరం ఉంది, ఆటు సమయానికి సముద్రం చాలా దూరం వెనక్కి పోతుంది, సన్నటి పాయ ఒకటి దాటితే అవతల ఇసుక మేట తేలుతుంది, ఆ పాయలో కత్తిపరిగ చేపలు మీ ట్రౌట్ లాగే ఎదురునీటికి నిలబడతాయి అన్నాను. అంతవరకే చెప్పాను.

ఫిబ్రవరిలో ఒక శుక్రవారం మధ్యాహ్నం ఇద్దరం కారులో వెళ్ళాం. మామా వాళ్ళు చుట్టాలింటికి పోయారు. ఆవిడ ఫోన్ చేస్తే మాత్రం ఉన్నపళంగా పోవాలి. మోగితే చేపలు బెదురుతాయని ఫోను నా చేతికిచ్చాడు. "మామా చేస్తే పిలువు" అని గేలం కర్ర తీసుకుని పాయలో దిగాడు. నీళ్ళు మోకాళ్ళ దాకా కూడా లేవు. అవి ఒడ్డు నుంచి సముద్రంలోకి పారుతున్నాయి, చేపలు ఒడ్డు వైపు చూస్తున్నాయి. ట్రౌట్ పాఠం ప్రకారం వాటి వెనక్కి పోవాలి కదా, అందుకని పాయ దాటి సముద్రం వైపు మేట మీద నిలబడ్డాడు. నేను తెల్లవారుజాము నుంచి చేపలు కోసినవాణ్ణి. సీటు వాల్చి నిద్రపోయాను.

మెలకువ వచ్చేసరికి గాలి వాసన మారింది. పోటు నీళ్ళ వాసన అది. లేచి చూస్తే పాయ రెండింతలైంది. మేట లేదు. నీళ్ళ మధ్యలో గంగాధర ఒక్కడే మోకాలి లోతులో కదలకుండా నిలబడి ఉన్నాడు. అతనికి ఈత రాదు.

గొంతు చించుకుని అరిచాను. ఎదురుగాలి నా కేకని నా మొహానే కొట్టింది. అతను నన్ను చూశాడు, అరవొద్దని సైగ చేశాడు. చేపలన్నీ ఒక్కసారిగా తిరిగి తన వైపు మొహాలు పెట్టాయని, తనని చూసేశాయనుకుని రాయిలా నిలబడ్డానని తర్వాత చెప్పాడు. అవి చూసింది అతన్ని కాదు, అతని వెనక నుంచి వస్తున్న పోటుని. ఏట్లో నీళ్ళు ఒక వైపుకే పారతాయి. నీళ్ళు వెనక్కి తిరగడం అతను పుట్టి బుద్ధెరిగాక చూడలేదు.

పోలీసులకి ఫోన్ చెయ్యాలి. నా వేలు ఆగిపోయింది. అక్కడ చేపలు పట్టొచ్చో లేదో మాకు తెలియదు. ఇఖామా, అదే ఇక్కడ ఉండే అనుమతి, రద్దు చేసి ఇంటికి పంపేస్తే? మనిషి మునిగిపోబోతుంటే నేను కాగితాల గురించి ఆలోచించాను. అది తలుచుకుంటే నా మీద నాకే అసహ్యం వేస్తుంది. అప్పుడు రెండో చేతిలో ఉన్న అతని ఫోను కనిపించింది. దాన్ని పైకెత్తి ఊపాను, చెవి దగ్గర పెట్టుకుని చూపించాను. మామా.

గేలం కర్ర పారేసి పరుగెత్తాడు. పాయలో నడుము దాకా, ఛాతీ దాకా దిగాడు. నడిమధ్యలో తల కనిపించలేదు. ఫోన్లు ఒడ్డున పడేసి నేను దూకాను. చొక్కా కాలరు చేతికి దొరికేదాకా ఎన్ని ప్రార్థనలు చేశానో నాకే తెలియదు.

ఒడ్డున ఉప్పునీళ్ళు కక్కి, ఫోను కోసం చెయ్యి చాచాడు.

"ఏమనె మామా?"

"ఆవిడ చెయ్యలేదు అన్నయ్యా."

కొడతాడేమో అనుకున్నాను. కొట్టలేదు. మెల్లగా వెనక్కి తిరిగి చూశాడు. తను నిలబడ్డ చోటు ఎక్కడో కూడా తెలియడం లేదు. బురదలో కూలబడ్డాడు.

"నీళ్ళు మళ్ళా వొస్తాయని నాకు జెప్పలేదేందిరా," అన్నాడు.

మా ఊళ్ళో ఆ మాట ఎవరూ ఎవరికీ చెప్పరు. చెప్పాల్సిన మాటని ఎవరికీ తోచదు.

ఇప్పటికీ వెళ్తాడు. అన్ని చేపలు ఒక్కసారే తిరిగి తనని చూడటం అంత బాగుంటుందనుకోలేదట. బయల్దేరే ముందు నాకు ఫోన్ చేస్తాడు. పోటు ఎప్పుడు మొదలవుతుందో రెండుసార్లు చెప్పి, అతని నోటితో మళ్ళీ చెప్పిస్తాను. ఒడ్డెక్కగానే మిస్డ్ కాల్ ఇవ్వాలి. అది వచ్చేదాకా కొనేవాళ్ళు యల్లా యల్లా, తొందరగా కానీ అని ఎంత అరిచినా నేను కత్తి పట్టుకోలేను.