పెళ్లి క్యాసెట్ చివర

నిన్న మధ్యాహ్నం టీవీలో మిరప తొడిమలు తీసే ఆడవాళ్ళ మీద తీసిన డాక్యుమెంటరీ మళ్ళీ వేశారు. అందులో ఒకావిడ బస్తా మీద నిలబడి మాట్లాడే దృశ్యం నలభై సెకన్లుంటుంది. అది వచ్చేసరికి పొయ్యి మీద పాలు పొంగుతున్నా నేను కదల్లేదు. దాన్ని వెతికి తెచ్చింది నేనే మరి.

నా ఉద్యోగం ఏమిటని ఎవరైనా అడిగితే మా అత్తగారు "పాత క్యాసెట్లు ఏరుతుంది" అని చెబుతారు. అంతకంటే బాగా నేనూ చెప్పలేను. సినిమాలకూ టీవీకీ కావలసిన పాత దృశ్యాలు ఎవరి దగ్గరున్నాయో కనుక్కుని, వాళ్ళను ఒప్పించి, అనుమతి కాగితం మీద సంతకం పెట్టించుకుని తేవడం నా పని. సగం రోజులు ఇతరుల అటకల మీదే గడుస్తాయి.

ఆ డాక్యుమెంటరీకి ముఖ్యమైన మనిషి, ముప్పై ఏళ్ళ కిందట గుంటూరులో ఒక మిర్చి గోదాములో తాగే నీళ్ళ కోసం పని ఆపించిన కూలి మనిషి. ఆ మరుసటి ఏడే పోయిందట. మిగిలింది ఒక్క ఫొటో, ఒక్క కూతురు. ఒంగోలులో టీచరుగా చేస్తున్న ఆ అమ్మాయికి అప్పుడు మూడేళ్ళు. "మొహం ఫొటోలో ఉందండీ. గొంతే, ఎంత తలుచుకున్నా గుర్తు రాదు" అంది. స్టూడియోలూ ఆఫీసులూ అన్నీ తిరిగాను, ఆవిడ మాట్లాడిన దృశ్యం ఎక్కడా లేదు. శుక్రవారంలోగా దొరక్కపోతే ఎవరైనా నటి చేత ఆ వేషం వేయిస్తానన్నాడు దర్శకుడు. నాకు ఒళ్ళు మండింది.

చివరికి ఆ గోదాములో పనిచేసిన ఒక ముసలమ్మ దారి చూపించింది. చీరాలలో పెళ్లి వీడియోలు తీసే ఒకాయన, ఊరగాయకి మిరపకాయలు కొనడానికొచ్చి, కొత్త కెమెరా మోజులో ఆ గొడవంతా తీశాడట. బుధవారం పొద్దున్నే క్యాసెట్ ప్లేయర్ ఒళ్ళో పెట్టుకుని రైలెక్కాను. టీచరు ఒంగోలు నుంచి వచ్చింది.

డెబ్బై దాటిన ఆ పెద్దాయన మమ్మల్ని కూర్చోబెట్టి, క్యాసెట్ తెచ్చి, తల గోక్కున్నాడు. "తీసిన మాట నిజమేనమ్మా. కానీ దాని మీదే మా మరదలి పెళ్లి ఎక్కించేశాను. అప్పట్లో క్యాసెట్ దొరకడమే గగనం." టీచరు తల దించుకుంది. "అయినా పెట్టండి బాబాయిగారూ, చివరిదాకా చూద్దాం. పెళ్లి ఎక్కని చోట పాతది కాస్త మిగిలి ఉండొచ్చు" అన్నాను.

బూజు తుడిచి పెట్టాం. పెళ్లి రెండు గంటలు నడిచింది. "అదిగో, అలిగి అటు తిరిగి కూర్చున్నాడే, ఆయనే మా అన్నయ్య. అప్పడం వెయ్యలేదని!" అంటూ వాళ్ళావిడ ఒక్కొక్కరినీ పరిచయం చేసింది. కాఫీ రెండుసార్లు అయింది. అప్పగింతలయ్యాయి, పెళ్లికూతురు కారెక్కింది, తెర మీద తెల్లటి చుక్కలు. పెద్దాయన మీట మీద చెయ్యి వేశాడు.

"ఆపకండి!" అన్నాను.

ఒక్కసారిగా తెరంతా ఎరుపు. మిరపకాయల రాశులు, ముక్కులకు పైటలు చుట్టుకున్న ఆడవాళ్ళు, ఒకటే దగ్గులు. సన్నటి మనిషి ఒకామె బస్తా మీదికెక్కింది. "నీళ్ళు పెట్టందే ఒక్క తొడిమ తియ్యం! దగ్గి దగ్గి చావాలా మేం? లేవండే, అందరూ లేవండి!"

టీచరు దిగ్గున లేచి నిలబడింది. "అది నా గొంతండీ! క్లాసులో నేను అరిచేది అచ్చం అలాగే!" నవ్వుతోందో ఏడుస్తోందో తెలియలేదు. పెద్దాయన కళ్ళు తుడుచుకుని, "ఇంకోసారి వెయ్యనా అమ్మా?" అన్నాడు. ఏడుసార్లు వేశాం.

ఆయన గుండ్రటి అక్షరాలతో సంతకం పెట్టాడు. గురువారానికల్లా దృశ్యం దర్శకుడికి చేరింది. నటి మాట మళ్ళీ ఎత్తలేదు. గుంటూరులో మొదటిసారి ప్రదర్శించిన రోజు తొడిమలు తీసే ఆడవాళ్ళు హాలంతా నిండిపోయారు. ఆవిడ "లేవండే" అనగానే అందరూ లేచి నిలబడి ఈలలేశారు. మళ్ళీ వేస్తేగానీ బొమ్మ ముందుకు కదలనివ్వలేదు.

ఆవిడ అడిగిన నీళ్ళ కుళాయి అప్పట్లో ఆ వారంలోనే వచ్చిందట. ఆవిడ గొంతు కూతురి చెవిన పడటానికి మాత్రం ముప్పై ఏళ్ళు పట్టింది. ఆలస్యమైతే అయింది, కాలం దాన్ని చెక్కు చెదరకుండా తెచ్చి ఇచ్చింది.