ఆయన కాదు

కలకత్తా టాలీగంజ్ సినిమా స్టూడియోల్లో ఏడ్చే మనిషి కావాలంటే లతికా సాంతరాకే కబురు వెళుతుంది. ఏడవమంటే ఏడుస్తుంది, ఆపమంటే ఆపుతుంది. కుళాయి కూడా అంత మాట వినదు.

ఇంట్లో మాత్రం ఆమె ఏడ్చి ఎరగదు. జనపనార మిల్లు మూతపడ్డ ఏడాది, వేరే పని వెతుక్కుంటానని వెళ్లిన భర్త గోష్ఠ తిరిగి రాలేదు. అప్పటినుంచి ఎక్కడ అనాథ శవం దొరికినా పోలీసులు ఆమెను పిలిపించేవాళ్లు. ప్రాణాలు అరచేతిలో పెట్టుకుని వెళ్లేది. దుప్పటి తీసి చూసి, "ఆయన కాదు" అనేది. ఏ తల్లి కన్న బిడ్డో పోతే తను సంతోషపడ్డందుకు దారంతా సిగ్గుపడేది. పాపిట్లో సిందూరం, చేతులకు ముత్తైదువలు వేసుకునే శంఖం గాజులు అలాగే ఉంచుకుంది. బుగ్గలు నొక్కుకునేవాళ్లు నొక్కుకున్నారు.

ఈసారిది హత్యల సినిమా. బయట సందంతా ట్యాంకరు నీళ్లతో తడిపి, పసుపు దీపాల కింద పొగ వదిలారు. ఎండలో మాడుతున్న కలకత్తా చూస్తుండగానే ఏదో దాస్తున్న ఊరిలా తయారైంది. లోపల శవాగారం సెట్టు. ఎన్నో సినిమాల్లో శవంగా పడుకున్న నిమాయ్ బల్లమీద ఉన్నాడు.

ఆమెను మాసీ, అంటే పిన్నీ, అని పిలిచే కుర్ర డైరెక్టరు అర్ఘ్య చెప్పాడు. "దుప్పటి తీసి, 'ఈయనే మా ఆయన' అని కూలబడాలి మాసీ. అంతే."

లతిక దుప్పటి తీసింది. ఆమె మొహం తేటపడింది. "ఆయన కాదు" అంది.

"కట్! శవాన్ని చూసి ఆ సంబరమేంటి మాసీ?"

రెండోసారీ అంతే. మూడోసారి దుప్పటి తీసి, తల అడ్డంగా ఊపింది. శవం ఒక కన్ను తెరిచింది.

"వదినా, నేనెన్నిసార్లు చచ్చానో లెక్కలేదు. గుండ్రాయిలా ఉన్నానా లేదా? మాట అన్నంతమాత్రాన మనిషి పోడు. అనెయ్."

అలా అంటే, ఎక్కడో బతికున్నవాడికి ఆ మాట తగులుతుందేమోనని ఆమె భయం. బతికున్నవాడైతే ఇన్నేళ్లలో ఒక్క కబురైనా పంపేవాడని కూడా ఆమెకు తెలుసు.

"ఈయనే," అంది. "ఈయనే మా ఆయన."

బల్ల అంచు పట్టుకుని కూలబడి, నేలకు తల ఆనించి ఏడ్చింది. చూడలేక నిమాయ్ లేచి కూర్చుని ఆమె భుజం పట్టుకున్నాడు.

అర్ఘ్య నెమ్మదిగా దగ్గరికొచ్చాడు. "అద్భుతం మాసీ. కానీ చివర్లో శవం లేచి కూర్చుంది. ఇంకొక్కసారి..."

లతిక తలెత్తింది.

"ఇన్నేళ్లకి ఒప్పుకున్నాను బాబూ. మళ్లీ అడక్కు."