రెండో మనిషి చూడాలె

మా ఎదురు గది కాక పోయాడు. ఆ వార్త నాకు ఎల్బీ నగర్ చౌరస్తాలో, మెట్రో మెట్ల కింద, చేతిలో మైకు ఉండగా తెలిసింది. నల్లగొండ బస్సులు దిగిన జనం నా ముందు నుంచే పోతున్నారు. నేను రాబోయే దేవుని తీర్పు గురించి గొంతు చించుకుంటున్నాను. జేబులో ఫోను ఆగకుండా మోగితే తీశాను. కాక బిడ్డ.

"అన్నా, మా నాయిన పోయిండు."

"ఎప్పుడమ్మా?" అన్నాను. మైకు ఆపడం మరిచిపోయాను. నా ప్రశ్న చౌరస్తా అంతా వినిపించింది. సంచులు మోసుకుపోతున్న వాళ్లు ఆగి నా మొహంలోకి చూశారు. ఏళ్ల తరబడి అక్కడ నిలబడి కేకలేస్తున్నాను, నా మాటకు జనం అలా ఆగడం అదే మొదటిసారి.

ప్రియులారా, మీలో చాలామంది ఆయన్ని చూసే ఉంటారు. దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక బంగారం దుకాణం, దాని అద్దాల తలుపు పక్కన ఖాకీ బట్టలు, తెల్ల మీసం, భుజాన తుపాకీ. మనిషి గుర్తుండడు, తుపాకీ గుర్తుంటుంది. ఆ సంగతి ఆయనకూ తెలుసు. "తుపాకీ ఉన్న మనిషి కావాలె అంటరు పాస్టర్ సాబ్. ఉత్త మనిషి కావాలె అని ఎవడన్న అంటడా?" అనేవాడు. ఫౌజు నుంచి, అంటే మిలిటరీ నుంచి, వచ్చాక సొంత లైసెన్సు మీద కొనుక్కున్న తుపాకీ అది. నాళం కింద ఉన్న పిడిని వెనక్కి లాగి ముందుకు తోస్తే తూటా ఎక్కే రకం, పంప్ యాక్షన్. అది చేతిలో ఉన్నన్ని నాళ్లే ఆ కొలువు.

సరూర్‌నగర్‌లో మా కిరాయి గదులు ఎదురెదురు. నన్ను ఆయన మొదటి రోజు నుంచీ పాస్టర్ సాబ్ అనే పిలిచాడు. "నేను పాస్టర్ని కాదు కాకా, నాకు చర్చి లేదు, చదువు లేదు, చంకలో గ్రంథం ఒక్కటే" అన్నాను.

"అయితే ఏంది? నా ఒంటి మీద గురిగింజెత్తు బంగారం లేదు. బంగారానికి కాపలా ఉంటలేనా?"

చిన్నమ్మ, అంటే కాక భార్య, బతికున్న రోజుల్లో ఆయన సెలవు మధ్యాహ్నాలు వాళ్ల తలుపు బార్లా తెరిచి ఉండేది. నూనె వాసన నా గదిదాకా వచ్చేది. ఆయన తుపాకీ ముందేసుకుని కూర్చుని, "ఏమే, జర రా" అని పిలిచేవాడు. చిన్నమ్మ తడి చేతులు కొంగుకు తుడుచుకుంటూ వచ్చి, వంగి తుపాకీలోకి తొంగి చూసి, "ఏం లేదు, కానియ్" అని మళ్లీ పొయ్యి దగ్గరికి పోయేది. అది మొగుడూ పెళ్లాల సరసం అనుకున్నాను.

ఆమె పోయాక నూనె వాసన ఆగిపోయింది. వానాకాలం నడుస్తోంది. ఒక మధ్యాహ్నం ఆయన నా తలుపు తట్టాడు.

"జర ఒచ్చి ఒకటి చూసిపో. తుప్పు పడ్తున్నది."

"కాకా, నేను ఆయుధాలు వద్దని వాక్యం చెప్పేవాణ్ణి."

"నిన్ను కాల్చుమన్ననా? చూడుమంటున్న. కండ్లున్నయ్ గద నీకు?"

అలా చిన్నమ్మ పని నాకొచ్చింది.

గది మూలన ఒక ఇసుక బస్తా ఉండేది. తుపాకీ మూతి ఎప్పుడూ ఆ బస్తా వైపే. వేలు ట్రిగ్గర్ దరిదాపులకు పోదు. ముందు సేఫ్టీ వేసి, పిడి వెనక్కి లాగి, ఉన్న తూటాలన్నీ బయటికి తీసేవాడు. వాటిని ఆయన కార్తూసులు అనేవాడు. డబ్బాలో వేసి, మూత పెట్టి, ఆ డబ్బాను వంటింట్లో వదిలి వచ్చేవాడు. "కార్తూసులు, తుపాకీ ఒక్క అర్రల ఉండొద్దు." అప్పుడు తూటా కూర్చునే చోటులోకి చూసి, చిటికెన వేలు పెట్టి తడిమేవాడు. అంతటితో వదలడు. నాళం కింద ఇంకో గొట్టం ఉంటుంది, తూటాలు వరసగా దాగేది అందులోనే.

"పైన ఖాళీ ఉన్నదని మురవకు. కింద గొట్టంల చూడు. ఎర్ర మూత కనవడ్డదా? అయితే ఏం లేనట్టు. ఇత్తడి మెరిసిందా, ఒకటి దాక్కున్నట్టు. పిడి ఆడిస్తే అది పైకొస్తది."

"నువ్వు చూశావు కదా, మళ్లీ నేనెందుకు?"

"ఒక్కడు చూస్తే వాడు అనుకున్నదే కనవడ్తది. రెండో మనిషి చూడాలె."

నేను చూసి "ఏం లేదు" అన్నాకే పని మొదలయ్యేది. గొట్టం కొసన బిళ్ల తిప్పి తీస్తే నాళం చేతికొచ్చేది. కడ్డీకి బ్రష్ తగిలించి వెనక వైపు నుంచి తోసేవాడు. తర్వాత గుడ్డ పీలికలు, ఫౌజు మాటలో చిందీలు. మొదటిది బొగ్గులా వచ్చేది, తర్వాతది బూడిదలా. తెల్లగా వచ్చిందాకా ఆగడు. చివర ఒక్క బొట్టు నూనె, అదీ తుడిచేయాలి. "నూనె ఎక్కువైతె దుమ్ము తాగుతది." విప్పిన వరసలోనే ముక్కలన్నీ పేపర్ మీద పెట్టి, వెనక నుంచి ముందుకు బిగించేవాడు. అన్నీ కుదిరాక ఖాళీ పిడిని ఆడించి చెవి పెట్టి వినేవాడు.

నేను ఊరుకునే మనిషిని కాను కదా. ఆయన తుడుస్తుంటే లేఖనాలు విప్పేవాణ్ణి. ప్రాకారం మీద నిలబడిన కావలివాడి గురించి, కత్తి వస్తున్నప్పుడు బూర ఊదకపోతే వాడి నెత్తిన పడే రక్తాపరాధం గురించి, బల్ల గుద్ది చెప్పాను. కాక అంతా విని చిందీ మార్చుకున్నాడు.

"మంచిగున్నది. డ్యూటీ దిగి ఇంటికి పోతె ఆ కావలాయనకు ఎవలుండె? అది రాసిందా నీ పుస్తకంల?"

వెతికాను. ముందూ వెనకా అధ్యాయాలన్నీ వెతికాను. రాయలేదు.

తర్వాత ఆయన చూపు తగ్గింది. కంటి నరం ఎండిపోతోంది, ఆపరేషన్‌తో తిరిగొచ్చేది కాదు అన్నారు దవాఖానలో. దుకాణంలో ఎవరికీ చెప్పలేదు. "గడప కాడ నిలవడెటందుకు ఈ చూపు చాలు" అన్నాడు. వనస్థలిపురంలో ఉండే బిడ్డ వచ్చేయమంది. పోలేదు.

ఒక సెలవు మధ్యాహ్నం ఎప్పటిలాగే కార్తూసులు తీశాడు, డబ్బా వంటింట్లో పెట్టాడు, వేలు పెట్టి తడిమాడు, కింద గొట్టంలోకి చూశాడు. "ఏం లేదు. నువ్వు చూడు" అన్నాడు. వంగాను. పైన ఏమీ లేదు. కింద గొట్టంలో ఎర్ర మూత లేదు. ఇత్తడి మెరిసింది.

నేను చెప్పబోయే మాటతో ఆయన కొలువు పోతుంది. కొలువు పోతే పొద్దున లేచి బూట్లు తొడుక్కోవడానికి ఆయనకు ఇంకో కారణం లేదు. ఇద్దరికీ తెలుసు. నాలుగు రోడ్లూ అదిరేలా కేకలేసేవాణ్ణి, ఆ రెండు మాటలు మాత్రం చాలా మెల్లగా చెప్పాను.

"ఒకటుంది కాకా."

ఆయన మళ్లీ చూడలేదు. చేత్తోనే దాన్ని తీసి, వంటింట్లో పెట్టి వచ్చి కూర్చున్నాడు. "ఇప్పుడు చూడు" అన్నాడు. చూశాను. ఏం లేదన్నాను. ఆ రోజు తుడిచినంతసేపు ఎప్పుడూ తుడవలేదు. చిందీ తెల్లగా వస్తున్నా ఇంకొకటి తోస్తూనే ఉన్నాడు. లేచేముందు, "రేపు ఠాణాకు తోలుకపో" అన్నాడు.

ఠాణాలో కుర్ర కానిస్టేబుల్ నవ్వాడు. "ఏంది తాతా, అందరు ఎలక్షన్లప్పుడు తెచ్చి జమ జేస్తరు. నువ్వు ఇప్పుడే తెచ్చినవేంది?"

"నా ఎలక్షన్ అయిపోయింది బిడ్డా. తీస్కో. లోపట చూసి తీస్కో."

"నువ్వు చూసినవ్ గద?"

"నేను చూస్తె కాదు. నువ్వు చూడాలె."

ఆటోలో ఆయన్ని తిరిగి తీసుకొస్తున్నాను. దిల్‌సుఖ్‌నగర్ రాగానే దుకాణం ఉన్న వైపు కాకుండా రెండో వైపు చూస్తూ కూర్చున్నాడు.

బిడ్డ దగ్గరికి పోయాడు, ఉండలేక తిరిగొచ్చాడు. "ఆడ అందరు పొద్దుగాల డ్యూటీలకు పోతరు. నేనొక్కన్ని ఇంటికి కాపలా. గదే కొలువు ఈడ చేసుకుంట" అని నవ్వాడు. పాత సెలవు రోజు మధ్యాహ్నం నా తలుపు తట్టడం మానలేదు. "ఏం పని లేదు, ఊకనే" అని వచ్చి కూర్చునేవాడు. చేతులు ఏం చేయాలో తెలియక మోకాళ్లు రుద్దుకునేవాడు. కొన్నిసార్లు, "ఆ కావలాయనది చదువు" అనేవాడు. చదివేవాణ్ణి. అంతా విని, "ఇంక ఇంటికి పోలేదా ఆయన?" అని అడిగేవాడు.

ఆ రోజు గొట్టంలో కనిపించింది చెప్పకుండా ఉండాల్సిందా అని నన్ను నేను అడుక్కోను. మళ్లీ చూడమన్నా అదే చెబుతాను. కానీ ప్రియులారా, నిజం చెప్పినవాడికి ఆ తర్వాత మధ్యాహ్నాలు ఎలా గడపాలో ఏ వాక్యమూ నాకు చూపించలేదు. ఇప్పుడు ఎదురు గదికి తాళం ఉంది. నా తలుపు తట్టేవాళ్లు లేరు.

సాగనంపే రోజు ఆయన్ని పాడె మీద పడుకోబెట్టారు. కుడి భుజం కిందికి ఆనలేదు. ఏళ్ల తరబడి తుపాకీ పట్టీ జారకుండా ఎత్తిపట్టిన భుజం. ఎవరో చుట్టం అరచేత్తో అదిమాడు. మళ్లీ లేచింది.

"ఉండనియ్యి పెదనాయినా" అంది బిడ్డ. "మా నాయిన గట్లనే నడుస్తుండె."

నేను కుడివైపు కర్ర అందుకోబోతే ఆ పెద్దాయన నా చంకలో గ్రంథం వంక చూశాడు. "అన్న పట్టుకుంటడు" అంది ఆమె. గల్లీ మలుపు తిరిగాం. నా చెవి పక్కనే, తెల్లబట్ట కింద, బంతిపూల దండ జారిపోగా, ఆ భుజం ఒక్కటే కొంచెం పైకెత్తి ఉంది.