ఉత్త ఫ్లాష్

మా నాయిన నెగెటివ్‌లు దాచిన బిస్కట్ డబ్బా మూత తీస్తే ఇప్పటికీ పుల్లటి వాసన గుప్పుమంటుంది. గచ్చిబౌలిలో పదిహేడో అంతస్తులో కూర్చుని ఆ డబ్బా తెరిచినప్పుడల్లా, ఇరవయ్యేళ్లు సినిమాలకు కెమెరా పట్టి, ఎందరో హీరోయిన్ల ముఖాల మీద దొంగ వెన్నెల కురిపించి, చివరికి అదంతా వదిలేసి కూలీల బతుకుల మీద సినిమాలు తీసే డైరెక్టర్‌నైన నేను, మళ్లీ తొమ్మిదేళ్ల పిల్లనైపోతాను. అంత మంచి పని ఎందుకు మానేశావని అడిగినవాళ్లకు బాధ్యత, సమాజం అంటూ పెద్ద కబుర్లే చెప్పాను గానీ, అసలు జవాబు ఈ డబ్బాలో ఉంది.

అప్పుడు ఇక్కడ అద్దాల మేడలు లేవు, అన్నీ బండలే. ఎండాకాలం సాయంత్రాలు అవి పెనాల్లా వేడి కక్కుతుంటే చెప్పుల్లేని కాళ్లతో గెంతుకుంటూ సీతాఫలం పొదల్లోకి పోయేవాళ్లం. పాలమూరు నుంచి వలస వచ్చినవాళ్లు పొద్దంతా రాళ్లు కొట్టే చప్పుడు, మధ్యాహ్నం వాళ్ల గుడిసెల దగ్గర కాలే జొన్నరొట్టెల వాసన, బోనాలకు అమ్మ చేసే గారెలు, అన్నీ కలిసిపోయి అదే మా ఊరు. నాయిన స్టూడియో ఒక్క గది. తెర మీద తనే గీసిన హంసలు అచ్చం బాతుల్లా ఉండేవి. ఎవరైనా నవ్వితే మూతి ముడుచుకునేవాడు.

ఆయనకు రెండు అలవాట్లు. పెళ్లికి ఎక్కించిన రీల్లో చివరి బొమ్మను ఎవరికీ అమ్మేవాడు కాదు, జన్మలో ఫోటో దిగని రాళ్లు కొట్టేవాళ్లలో ఒకరికి ఊరికే తీసిచ్చేవాడు. ఇక పెళ్లిళ్లలో పిల్లలు మీద పడి ఫోటో తియ్యమని సతాయిస్తే, కెమెరా ఎత్తి, ఫ్లాష్ వెనకున్న మీట మాత్రం నొక్కేవాడు. వెలుగు వచ్చేది, బొమ్మ పడేది కాదు. పిల్లలు సంబరంగా పోయేవాళ్లు. ఆ ఉత్త ఫ్లాష్ గుట్టు నాకు, ఆయనకు మాత్రమే తెలుసు.

నా తొమ్మిదో యేట ఆ చివరి బొమ్మ బాలమణి బిడ్డ మల్లిది. బాలమణి రాళ్లు కొట్టేది, మల్లికి ఆరేళ్లు. "బోనాల నాడు పొద్దుగూకంగ తోల్కరా, కెమెరాల ఒక్కటే ఉన్నది" అన్నాడు నాయిన. ఆ పొద్దున ఆయన గుడికి పోగానే కెమెరా మెళ్లో వేసుకుని బండల మీదికి పరుగెత్తాను. బొమ్మ తీయాలని కాదు, దానిలోంచి చూడటం నాకు పిచ్చి. నా వెనకే మల్లి వచ్చింది. ఉన్నట్టుండి "అక్కా, గదిగో నెమలి!" అని చెయ్యి చాచింది. నా వేలు దానంతటదే నొక్కేసింది.

ఎవరికీ చెప్పలేదు. సాయంత్రం బాలమణి బిడ్డకు తలంటి, నూనె రాసి దువ్వి, మోచేతి దాకా గాజులు వేసి తీసుకొచ్చింది. నాయిన రీలు జరిపే మీట తిప్పబోతే తిరగలేదు. రీలు అయిపోయిందని ఆయనకు తెలిసింది. నా వైపు చూశాడు. నేను హంసల వైపు చూశాను. బాలమణి కొంగుతో బిడ్డ ముఖం ఇంకోసారి తుడుస్తోంది. నాయిన కెమెరా ఎత్తి, "నవ్వు బిడ్డా" అని ఉత్త ఫ్లాష్ కొట్టాడు.

"శ్రావణంల పెండ్లిళ్లు మొదలైతయి. కొత్త రీలు ఎక్కిచ్చి మంచిగ తీస్త తియ్," అన్నాడు తర్వాత నాతో. తిట్టినా బాగుండేది.

ఆషాఢం దాటనే లేదు. వానలకు రాళ్లు తీసిన గుంత నిండింది, మల్లి అందులో పడి మునిగిపోయింది. మూడో నాడు బాలమణి స్టూడియో గడప దగ్గర నిలబడి, "అన్నా, ఫోటో అయిందా?" అంది. నోటితో అబద్ధమాడటం రాని నాయిన గోడ వైపు చూస్తూ "కడగంగ ఖరాబైంది చెల్లె" అన్నాడు. నేను తెర వెనక దాక్కుని నోరు నొక్కుకున్నాను. ఆ తర్వాత ఆయన ఏ పిల్లకూ ఉత్త ఫ్లాష్ కొట్టలేదు.

నాయిన పోయాక ఈ డబ్బాలో ఆ నెగెటివ్ దొరికింది. నెమలి ఒట్టి మరక. అంచున ఒక చిన్న చెయ్యి, మోచేతి దాకా కూడా లేదు, వేలు చాచి చూపిస్తోంది.

ఇప్పుడు ఆ బండ లేదు, గుంత లేదు, స్టూడియో లేదు. నెమలి నిలబడిన చోట ఆఫీసు బస్సులు ఆగుతాయి. ఆ బండలు పగలగొట్టినవాళ్ల మీదే సినిమా తీస్తూ, పోయిన నెల బాలానగర్ వెనక బస్తీలో బాలమణిని కనుక్కున్నాను. కెమెరా ఆపించి, నేల మీద కూర్చుని, జరిగిందంతా చెప్పి, ఆ నెగెటివ్ నుంచి తీయించిన ఫోటో చేతిలో పెట్టాను. తిడుతుందనుకున్నాను, తిట్టాలనే కోరుకున్నాను. ఆమె చూపు సరిగా ఆనని కళ్లకు దగ్గరగా పెట్టుకుని, ఆ వేలి మీద తన వేలు పెట్టి చాలాసేపు నిమిరింది. తర్వాత ఫోటో తిప్పి వెనకవైపు కూడా చూసింది.

"ముఖమేది బిడ్డా?" అంది.